ఎడమ కాలు, ఒక్కసారే పడ్డాను

మా ముందుగదిలో కిటికీ పక్కన ఒక బల్ల ఉంది. దాని మీద మా కోడలి కంప్యూటరు. పొద్దున కాఫీ తాగి ఆ బల్ల ముందు కూర్చుందంటే, అన్నానికి లేచేదాకా అమెరికాలో ఎవరెవరి కాళ్ళు విరిగాయో చూస్తూనే ఉంటుంది. వెటకారం కాదు, ఆమె ఉద్యోగమే అది. అక్కడి డాక్టర్లు రోగిని చూసి నాలుగు ముక్కలు రాసి పెడతారు. ఆ ముక్కలు చదివి, బీమా బిల్లు కోసం ఆ దెబ్బకు ఏ కోడ్, అంటే ఏ అక్షరాలూ అంకెలూ, వస్తాయో చూసి వేయాలి. ఆమె వంతుకు వచ్చినవి పాదాలు, చీలమండలు. అందులోనూ దెబ్బ తగిలిన రోజే మూలుగుతూ వచ్చిన వాళ్ళు తక్కువ. కట్టు కట్టించుకుని, ఎముక అతుక్కుందో లేదో చూపించుకోవడానికి మళ్ళీ వచ్చిన వాళ్ళే ఎక్కువ.

పని నడుస్తున్నంతసేపు ఆ తెర వైపు ఎవరూ తొంగి చూడకూడదు. ఆఫీసు వాళ్ళ నియమం. నాది ఐదో క్లాసు తెలుగు చదువు, చూసినా ఒక్క ముక్క అర్థం కాదు. అయినా నేను కాఫీ గ్లాసు పట్టుకుని వెళితే, "అత్తా, ఆణ్నే పెట్టు, నేనొచ్చి తీసుకుంటా" అంటుంది. మద్రాసు తొండియార్‌పేటలో కూర్చున్న నేను ఆ దేశం వాళ్ళ కాళ్ళ గుట్టు ఎవరికి చెబుతానని? నిజానికి చెబుతాననుకోండి. చెప్పకుండా ఉండలేనని ఆమెకు తెలుసు.

అన్నం తినేటప్పుడు మాత్రం ఊరూ పేరూ లేకుండా పని సంగతులు చెప్పేది. నిచ్చెన మీది నుంచి పడితే ఒక కోడ్, మంచం మీది నుంచి పడితే వేరే కోడ్, కుర్చీలోంచి జారితే ఇంకొకటి. బాతు వచ్చి గుద్దితే దానికీ ఒక కోడ్ ఉందట.

"బాతు గుద్దితే కాలిరగతాదా?" అని మా ఆయన ముద్ద చేతిలో పట్టుకుని అడిగాడు.

"ఇరగతాదో లేదో నాకు తెలవదు మామా. కోడ్ అయితే ఉండాది" అంది కోడలు.

ఆయన ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. సాయంత్రం టీ తాగుతూ ఉన్నట్టుండి, "ఎంత బాతయి ఉంటాదో" అన్నాడు.

ఇన్ని పడటాల సంగతి తెలిసిన ఇంట్లో నేను పడ్డాను. ఎలా పడ్డానో మీకు ఉన్నది ఉన్నట్టు చెప్పేస్తాను. మాది మేడ మీద ఇల్లు. ముగ్గు వేద్దామని పొద్దున్నే పిండి డబ్బా పట్టుకుని మెట్లు దిగుతున్నాను. మెట్లు అయిపోయాయనుకుని నేల మీద అడుగు వేశాను. నేల ఇంకా రాలేదు, ఒక మెట్టు మిగిలి ఉంది. అంతే. కింద నీళ్ళు లేవు, అరటితొక్క లేదు, వెనకనుంచి ఎవరూ పిలవలేదు. పెళ్ళయి వచ్చిన నాటినుంచి దిగుతున్న మెట్లే.

మా ఆయన నాటువైద్యుల పుత్తూరు కట్టు వేయిద్దామన్నాడు. కొడుకు ఆ మాట పూర్తి కాకముందే ఆటో పిలిచి ఆసుపత్రికి తీసుకుపోయాడు. ఎక్స్‌రే తీస్తే ఎడమ చీలమండ బయటి వైపు ఎముకకు సన్నని పగులు. డాక్టరు ఏమైందని అడిగితే, "మెట్ల మీద... పడ్డా..." అన్నంత వరకే నోట్లోంచి వచ్చింది. పుట్టి బుద్ధెరిగాక నేను ఏ సంగతీ అంత పొట్టిగా చెప్పి ఉండను. నొప్పి అలాంటిది. పాదం నుంచి పిక్క దాకా పిండికట్టు వేసి, కాలు నేల మీద ఆనించకూడదని చెప్పి పంపించారు.

మరి వంట ఎవరు చేయాలి? కోడలికి ఆఫీసు. కొడుక్కు హార్బరులో షిఫ్టు. మా ఆయనకు కాఫీ కలపడం వచ్చు, చక్కెర ఎక్కడుందో ఎవరైనా చెబితే. మేమందరం ఒకరి ముఖం ఒకరు చూసుకుంటూ ఉండగానే ఎన్నూరు నుంచి మా వియ్యపురాలు, అంటే కోడలి తల్లి, ఫోన్ చేసింది.

"నేను లేనా వదినా? నువ్వు కాలు కిందబెట్టి నడిచేదాకా నేనాడనే ఉంటా."

ఆ మాట వినడానికి చాలా బాగుంది. సాయంత్రానికల్లా మనిషి దిగింది. ఒక చేతిలో బట్టల సంచి, ఇంకో చేతిలో గుడ్డలో చుట్టిన మట్టిచట్టి. చేపల పులుసు ఆ చట్టిలో తప్ప ఇంక దేనిలోనూ కాచదట. ఇంకొకరి వంటింటికి సొంత చట్టి తెచ్చుకునే మనిషి రెండు పూటలుండి పోయే మనిషి కాదని నాకు అప్పుడే తెలిసింది.

నా మంచం ముందుగదిలోనే, కోడలి తెర కనిపించని మూల వేశారు. అక్కడికి వంటిల్లు కనిపించదు, వినిపిస్తుంది. మా ఇంట్లో ఏ డబ్బా మూత ఏ చప్పుడు చేస్తుందో నాకు తెలుసు. కారం డబ్బా ఉండాల్సిన చోటినుంచి ధనియాల డబ్బా చప్పుడు వచ్చింది. పప్పు డబ్బా ఉండాల్సిన చోట ఏదో బోలుగా మోగింది. కొడుకుని పంపి చూడమంటే, "అన్నీ బాగా సర్దిండారమ్మా" అన్నాడు. పొడుగును బట్టి సర్దిందట. పెద్దవి వెనక, చిన్నవి ముందు, బడిలో పిల్లల్ని ఫోటోకు నిలబెట్టినట్టు. డబ్బాలను వాడకాన్ని బట్టి పెట్టుకుంటారు గానీ ఎత్తును బట్టి పెట్టుకుంటారా? అడగడానికి లేచి పోలేను. మంచం మీది నుంచి అరిస్తే మర్యాద కాదు.

అదీ సహించేదాన్నే. మర్నాడు ఆమె పులుసు కాచింది. మా ఆయన ఒక ముద్ద నోట్లో పెట్టుకుని "అబ్బ" అన్నాడు. ఇన్నేళ్ళ సంసారంలో నా పులుసుకు "ఊ" తప్ప ఇంకో మాట ఎరగని మనిషి. "అబ్బ" అని, మళ్ళీ పోయించుకున్నాడు.

నేను త్వరగా నడవాలని ఆ విస్తరి ముందే నిర్ణయించుకున్నాను. ఆమె పెట్టిన గడువు నా కాలే కదా. డాక్టరు ఎప్పుడు "ఇక నడవచ్చు" అంటే అప్పుడు చట్టి ఎన్నూరు బయల్దేరుతుంది, నా వంటిల్లు నాకు వస్తుంది. అప్పటినుంచి చెప్పిన మాట నేను విన్నంత బుద్ధిగా ఆ ఇంట్లో ఇంకెవరూ విని ఉండరు. కాలు దిండు మీద పెట్టమంటే పెట్టాను. పాలు తాగమంటే తాగాను. గోడ పట్టుకుని వంటింటి గడప దాకా పోయి చూసి రావాలని ఎంత అనిపించినా మంచం దిగలేదు.

ఇక పరామర్శలు మొదలయ్యాయి. మొదట ఎదురింటావిడ వచ్చింది. బత్తాయిలు పక్కన పెట్టి, కుర్చీ దగ్గరికి లాక్కుని, "ఎట్ట పడినావక్కా?" అంది. ఉన్నదున్నట్టు చెప్పాను. మెట్టు అయిపోయిందనుకున్నాను, అవ్వలేదు, పడ్డాను. ఆవిడ ఇంకా ఉందేమోనని కాసేపు చూసింది. లేదు. గోడ మీద క్యాలెండరు వైపు చూసి, ఏదో పని గుర్తొచ్చినట్టు లేచి పోయింది. కాఫీ కూడా తాగలేదు. నాకు సిగ్గేసింది. ఇంటికి వచ్చిన మనిషిని అలా వట్టి చేతులతో పంపిస్తామా? ఆ తరవాత వచ్చిన వాళ్ళకు చెప్పేటప్పుడు మెట్టు మీద కొంచెం నీళ్ళు పోశాను. ఇంకో రోజుకు నీళ్ళు సరిపోలేదు. ఒక పిల్లిని తెచ్చాను.

ఆ పిల్లి పెరిగి పెద్దదవడానికి కారణం మా వియ్యపురాలు. ఒకటి మాత్రం చెప్పాలి. వంటింట్లో ఆమె నాకు ఎంత కష్టంగా ఉందో, నా మంచం పక్కన అంత సుఖంగా ఉండేది. కథ వినడం అంటే ఆమె వినాలి. గరిటె చేతిలో పట్టుకుని వచ్చి గుమ్మంలో నిలబడిపోయేది.

"పిల్లి యాణ్నించి వచ్చింది వదినా?"

"గోడ మీంచి."

"ఏం రంగు?"

అంతవరకూ నేను ఆలోచించలేదు. "నలుపు" అన్నాను.

"అనుకున్నా! నోట్లో ఏమన్నా ఉండిందా?"

"చేపతల."

"అయ్యయ్యో! అప్పుడు?"

ఆమె అడిగేకొద్దీ పిల్లికి రంగు వచ్చింది, తోక వచ్చింది, చేపతల వచ్చింది, నా రెండు కాళ్ళ మధ్య దూరే ధైర్యం వచ్చింది. లోపల పోపు మాడేది. ఎదురింటావిడకు సంగతి తెలిసి, ఈసారి ఇంకో ఇద్దరిని వెంటబెట్టుకుని మళ్ళీ వచ్చి, కాఫీ తాగి, మళ్ళీ కాఫీ తాగి పోయింది.

కట్టు చూపించుకోవాల్సిన రోజు కొడుకు నన్ను ఆసుపత్రికి తీసుకుపోయాడు. ఎముకల డాక్టరు దగ్గరికి పోయేముందు ఒక చిన్న డాక్టరమ్మ అన్నీ అడిగి రాసుకుంటుంది. మొదటి రోజు ఉన్న మనిషి కాదు, కొత్త పిల్ల. అక్కడ మాటలన్నీ తమిళంలోనే, మీకోసం తెలుగులో రాస్తున్నాను. నన్ను బల్ల మీద కూర్చోబెట్టి, పట్టుకున్న చేయి వదలకుండా, "ఏమైంది పాటీ?" అంది. అవ్వను పిలిచినట్టు, ఎంత ముద్దుగానో. కొడుకు ఎక్స్‌రే చీటీ కోసం బయట వరసలో నిలబడి ఉన్నాడు. అడిగిన పిల్లకు చెప్పకపోతే బాగుండదు కదా.

నేను కథ చెబితే 'అప్పుడెప్పుడో' అని చెప్పను. మా ఇళ్ళలో అలా చెప్పడం లేదు. వినేవాళ్ళు ఆ మెట్ల మీద నాతో పాటు నిలబడాలి. "పొద్దున్నే లేస్తానా, ముగ్గు డబ్బా తీస్తానా, ఒక్కొక్క మెట్టూ దిగుతున్నానా, పైన గోడ మీద నల్లగా ఏదో కదిలింది!" అన్నాను. ఆ పిల్ల కళ్ళు పెద్దవి చేసుకుని రాసింది. చేపతల దగ్గర నవ్వింది. నేను పడేసరికి "అయ్యో పాటీ" అని నా భుజం నిమిరింది. చాలా బాగా చెప్పానని నాకే అనిపించింది.

పెద్ద డాక్టరు ఆ కాగితం చదివాడు, మొహం ముడిచాడు. కొత్త ఎక్స్‌రేని పాతదాని పక్కన పెట్టి అటూ ఇటూ చూశాడు. "పగులు పెరగలేదు, అదృష్టం. కానీ ఇప్పుడు కట్టు తీసే ధైర్యం నాకు లేదు. ఇంకొన్ని వారాలు ఉండనివ్వండి. కాలు ఆనించకండి" అన్నాడు. ముసలి ఎముక నెమ్మదిగా అతుక్కుంటుంది కాబోలని నేను సరిపెట్టుకున్నాను.

తిరుగు ఆటోలో కొడుకు చీటీ చదువుకుంటూ ఆగిపోయాడు.

"అమ్మా, నువ్వు మళ్ళా ఎప్పుడు పడినావు?"

"నేనేడ పడినా రా?"

"ఈడ రాసుండాదే. మళ్ళా పడినారు, పిల్లి అడ్డమొచ్చింది అని."

"పిల్లి అని కూడా రాసినారా?" అన్నాను. అబద్ధమెందుకు, నాకు కొంచెం సంతోషం వేసింది. ఆ సంతోషం ఆటో వంతెన దిగేదాకా ఉంది. అప్పుడు అర్థమైంది. ఇంకొన్ని వారాల కట్టు అంటే ఇంకొన్ని వారాల చట్టి.

ఇంటికి పోగానే వియ్యపురాలు సంగతి విని, "పోనీలే వదినా, నేనుండాగా. తొందరేముంది?" అని వంకాయలు కోయడానికి పోయింది. నేను గోడ వైపు తిరిగి పడుకున్నాను.

కోడలు తెర మూసి వచ్చి మంచం మీద కూర్చుంది. చీటీ చదివింది. మొదట నవ్వింది, తరవాత నుదురు కొట్టుకుంది, తరవాత మళ్ళీ నవ్వింది.

"అత్తా, నేను రోజూ తల బాదుకునేది దీనికే. దెబ్బకు ఒక కోడ్ ఉంటాది. ఎన్ని తూర్లు డాక్టరు కాడికి పోయినా ఆ దెబ్బ పేరు మారదు. ఆఖర్న ఒక అక్షరం ఉంటాది చూడు, అదే మారేది. వైద్యం నడస్తా ఉంటే 'ఏ'. వైద్యం అయిపోయి మామూలుగా మానుతా ఉంటే, ఊరికే చూపించుకోను పోతే 'డి'. అంతా మానినాక కూడా ఏళ్ళ తరబడి కుంటో నొప్పో మిగిలిపోతే 'ఎస్'. నువ్వు చక్కంగా 'డి'లో ఉండాల్సిన మనిషివి. నీ నోటితో నువ్వే మళ్ళా 'ఏ'లోకి పోయినావు."

"ఆ పిల్ల ఏమైందని అడిగిందే!"

"అడిగితే? ఇప్పుడు కాలెట్ట ఉండాదని అడిగినట్టు. నువ్వు మళ్ళా మొదట్నించి పడి చూపించినావు. అమెరికాలో కూడా ఉండారు నీలాంటోళ్ళు. మానిపోయిందా అని చూపించుకోను పోయి, పడిందంతా మళ్ళా చెప్తారు. డాక్టరు అదే రాస్తాడు. ఇది పాత పడటమా, కొత్త పడటమా, నాకెట్ట తెలస్తాది? మళ్ళా ఆ డాక్టరుకే అడిగి పంపాల. ఇన్ని దినాలు వాళ్ళెవురా, ఎట్టుంటారా అనుకుంటా ఉన్నా. ఇప్పుడు తెలిసింది. అంతా మా అత్తలే."

"పోనీ, ఆసుపత్రికి ఫోన్ చేసి చెప్పు, మా అత్త మళ్ళా పడలేదని."

కొడుకు చేశాడు. వచ్చే తేదీకి వచ్చి డాక్టరుకే చెప్పమన్నారు.

ఆ రోజు కోడలు చెప్పిన ఇంకో మాట నన్ను చాలా సేపు పట్టుకుంది. మనిషి ఎక్కడ పడ్డాడు, ఇంట్లోనా వీధిలోనా, మెట్ల మీదా స్నానాలగదిలోనా, ఆ చోటికి కూడా ఒక కోడ్ ఉందట. కానీ దాన్ని ఒక్కసారే వేస్తారట, మొదటిసారి పోయినప్పుడు. ఆ తరవాత ఎన్నిసార్లు పోయినా ఆ చోటు జోలికి పోరట. ఒక్కసారేనా అని రెట్టించి అడిగాను. ఒక్కసారే అంది. నేనైతే మా అమ్మ ఇంటి బావిగట్టు మీద మా మేనత్త జారిన సంగతిని ఇప్పటికీ పెళ్ళిళ్ళలో చెబుతున్నాను. ఆమె పోయి ఎంత కాలమో అయింది, ఇంకా జారుతూనే ఉంది, జనం ఇంకా నవ్వుతూనే ఉన్నారు. ఒక్కసారే చెప్పి మూసేసే పనిని నా కోడలు ఎలా చేస్తుందో నాకు అర్థం కాలేదు. ఆమెకేమో నేను అర్థం కాలేదు.

అప్పటినుంచి నాకు తర్ఫీదు మొదలైంది. అన్నాల వేళ కోడలు డాక్టరయ్యేది, నేను రోగి.

"చెప్పు పాటీ, ఏమైంది?"

"ఎడమ కాలు."

"ఆ. తరవాత?"

"ఒక్కసారే పడినా. పొద్దున్నే లేస్తానా..."

"పోదుం!" అనేది. చాలు, ఆపు అని. "ఎడమ కాలు. ఒక్కసారే పడినా. ఇప్పుడు నొప్పి తక్కువ. అంతే చెప్పాల. దాని పైన ఒక మాటొచ్చినా మా అమ్మ ఇంగో నెల ఈణ్నే ఉంటాది, చూసుకో."

నా ప్రాణం ఎక్కడుందో ఆ పిల్లకు తెలుసు. నేను నోరు తెరిచి ఎవరితోనూ అనలేదు. అయినా తెలుసు.

"పిల్లి ఒకటి చెప్పుకోవచ్చా?"

"పిల్లి లేదు."

"తోకన్నా?"

మా ఆయన పక్కనుంచి, "బాతని చెప్పు. దానికి కోడ్ ఉండాదంట" అన్నాడు. ఆయన ఆ బాతును ఇంకా వదల్లేదు. వియ్యపురాలు మాత్రం ఇదంతా నచ్చనట్టు గుమ్మంలో నిలబడి చూసేది. "అంత బాగా చెప్తా ఉండే మనిషిని ఇట్ట మూగదాన్ని చేస్తా ఉండావే" అని కూతుర్ని కసిరేది. నాకు ఆమె మీద కోపం రావాలి. రాలేదు. ఆ మాట ఇంకోసారి అంటే బాగుండును అనిపించింది.

తేదీ వచ్చింది. ఆ రోజే కోడలి పనిని పైవాళ్ళు తనిఖీ చేసే రోజు, బల్ల ముందునుంచి కదలడానికి లేదు. కొడుక్కు షిఫ్టు మారింది. మా ఆయన వస్తానంటే, దారిలో పుత్తూరు కట్టు అంటాడని నేనే వద్దన్నాను. వియ్యపురాలు మంచి చీర కట్టుకుని తయారైంది. కోడలు మెట్ల దాకా వచ్చి నా చెవిలో మూడు ముక్కలూ మళ్ళీ చెప్పింది. వాళ్ళమ్మకు ఏమీ చెప్పలేదు. అదే పొరపాటు.

ఈసారి చిన్న డాక్టరు ఒక అబ్బాయి. "ఏమైంది పాటీ?" అన్నాడు. వీళ్ళందరికీ ఆ ఒక్క ప్రశ్నే నేర్పిస్తారు కాబోలు.

"ఎడమ కాలు. ఒక్కసారే పడ్డాను. ఇప్పుడు నొప్పి తక్కువ" అన్నాను.

తలూపి రాసుకున్నాడు. "ఎలా పడ్డారు?"

"మెట్ల మీద." పళ్ళు బిగించుకుని అంతటితో ఆపాను. అతను కాగితం మూయబోయాడు. నా కోడలు చూసి ఉంటే నన్ను ముద్దు పెట్టుకునేది.

అప్పుడు పక్కనుంచి, "ఏంది వదినా, ఇంత చప్పగా చెప్తా ఉండావు!" అని వినిపించింది. వియ్యపురాలు కొంగు బిగించి ముందుకు వచ్చింది. "డాక్టర్ తంబీ, ఆమెకు మొహమాటం, నేను చెప్తా వినండి" అని తమిళంలో అందుకుంది.

చెప్పడం అంటే ఏం చెప్పింది! నేను చెప్పినట్టే, నేను చేతులు తిప్పినట్టే తిప్పుతూ, పొద్దున్నే లేచి, ముగ్గు డబ్బా తీసి, ఒక్కొక్క మెట్టూ దిగింది. బయట బల్ల మీద కూర్చున్న రోగులు ఇటు తిరిగారు. నర్సమ్మ ట్రే పట్టుకుని ఆగిపోయింది. పిల్లి వచ్చింది. నల్ల పిల్లి. నోట్లో చేపతల కాదు, పూర్తి వంజరం చేప. దాని వెనక రెండు పిల్లలు కూడా ఉన్నాయి. ఇది నాకు తెలియని సంగతి. ఒక్క క్షణం నేను కూడా నోరు తెరుచుకుని, తరవాత ఏమవుతుందో అని వింటూ ఉండిపోయాను.

"అంతే! దబ్బున పడింది!" అని ఆమె అరచేయి బల్ల మీద కొట్టింది.

డాక్టరు అబ్బాయి కాగితం మళ్ళీ తెరిచాడు. కలం మూత తీశాడు. "ఇది ఎప్పుడు జరిగింది? కిందటి వారమా?"

ఆ కలం కాగితం మీదికి దిగుతోంది. నాకు దాని కొనలో మా వంటిల్లు కనిపించింది. ఎత్తు ప్రకారం నిలబడ్డ డబ్బాలు కనిపించాయి. మా ఆయన "అబ్బ" వినిపించింది. ఇటు చూస్తే మా వియ్యపురాలు మొహం వెలిగిపోతూ నా మెప్పు కోసం నా వైపే చూస్తోంది.

"రాయొద్దు తంబీ" అన్నాను. "పిల్లి లేదు. చేప లేదు. పిల్లలూ లేవు. మొదటి రోజు పడ్డదే, ఆ తరవాత పడలేదు. మెట్లు అయిపోయాయనుకున్నాను, ఇంకొకటి ఉంది. సుమ్మా పడ్డాను."

సుమ్మా అంటే ఊరికే. ఆ మాట అనడానికి నాకు పడినప్పటి కంటే ఎక్కువ నొప్పి కలిగింది. బల్ల మీది వాళ్ళు అటు తిరిగి కూర్చున్నారు. నర్సమ్మ ట్రే తీసుకుని పోయింది. డాక్టరు అబ్బాయి "సరి పాటీ" అని ఏదో చిన్న మాట రాసి లోపలికి పంపాడు.

పెద్ద డాక్టరు ఎక్స్‌రే వెలుతురుకు పెట్టి చూశాడు. ఎముక చక్కగా అతుక్కుందన్నాడు. కట్టు కోయించాడు. కింద నా కాలు ఎవరిదో కాలులాగా సన్నగా, పొట్టు రాలుతూ బయటికి వచ్చింది. మెల్లగా నడక మొదలుపెట్టమన్నాడు. మెట్ల దగ్గర జాగ్రత్త అన్నాడు.

ఆటోలో వియ్యపురాలు మంచి చీర కుచ్చిళ్ళు సర్దుకుని కూర్చుంది. కాసేపటికి, "నిజంగా పిల్లి లేదా వదినా?" అంది.

"లేదు."

"ఆ చేపతల?"

"అదీ లేదు."

"రంగు నలుపని నువ్వే గదా చెప్పింది!"

"నువ్వడిగినావు, చెప్పినా. మరి ఆ రెండు పిల్లలు యాణ్నించి వచ్చినాయి?"

ఆమె కిటికీ లేని ఆటోలో కిటికీ వైపు చూసినట్టు బయటికి చూసింది. "చెప్తా ఉంటే వచ్చేసినాయి" అంది. ఇద్దరికీ నవ్వు ఆగలేదు. ఆటో అతను వెనక్కి తిరిగి చూశాడు. నవ్వు అయ్యాక ఆమెకు అసలు కష్టం గుర్తొచ్చింది. "మా తోడికోడలికి చెప్పినా. చేపలమ్మేదానికి చెప్పినా. మా వీధంతా చెప్పినా. ఇప్పుడు పోయి లేదని ఎట్ట చెప్పేది?"

"చెప్పొద్దులే" అన్నాను. "వాళ్ళేం డాక్టర్లు కాదు గదా."

మర్నాడు ఆమె చట్టి కడిగి, ఆరబెట్టి, గుడ్డలో చుట్టుకుంది. నేను గోడ పట్టుకుని ఆమె వెంట మెట్ల దాకా వచ్చాను. "ఆఖరు మెట్టు చూసుకో వదినా" అని పైనుంచి చెప్పాను. ఆమె చూసుకుని దిగింది.

వంటింట్లోకి పోయి అన్ని డబ్బాలూ వాటి వాటి చోట్లకు మార్చుకున్నాను. చింతపండు జాడీ మాత్రం ఆమె పెట్టిన చోటే వదిలేశాను. వంగకుండా అందుతోంది, ఆ మాట ఆమెకు చెప్పలేదు. ఆ వారం చేపల పులుసు నేనే కాచాను. మా ఆయన ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. నేను గరిటె పట్టుకుని చూస్తున్నాను. ఆయన నమిలాడు, మింగాడు.

"ఊ" అన్నాడు.

కోడలు నవ్వు ఆపుకోలేక పక్కకు తిరిగింది. ఆమె తనిఖీ బాగానే గడిచింది. నాకు ఇక ఏ అక్షరమూ లేదని, వానాకాలంలో ఆ కాలు గుంజుతోందని పోతే మాత్రం 'ఎస్' పడుతుందని చెప్పింది. గుంజినా చెప్పనులే అన్నాను.

వియ్యపురాలు మాత్రం వారానికోసారి ఫోన్ చేస్తుంది. వాళ్ళ వీధిలో ఆడవాళ్ళు ఇంకా అడుగుతున్నారట. ఆ పిల్లి పిల్లలు ఇప్పుడు పెద్దవయ్యాయట, ఒకటి అచ్చం తల్లి పోలికట. మా ఇంట్లో నేను హాయిగా నడుస్తున్నాను. ఎన్నూరులో ఇంకా పడుతూనే ఉన్నాను.